అమ్మ వంతు

ఆ ఏడు వానలు మే నెల రెండో వారంలోనే పట్టుకున్నాయి. అమ్మ పోయి అప్పటికి ఎనిమిది నెలలు. అండమాన్‌లోని బాంబూఫ్లాట్ గుట్ట మీద, రేకుల కప్పు కింద ఉన్న మా చెక్క ఇంట్లో అయ్యా నేనూ ఇద్దరమే మిగిలాం.

అయ్య పేరు నూకన్న. సెటిలర్లకి సర్కారు డోంగీ పడవలూ వలలూ ఇస్తోందని విని, మీసాలు సరిగా రాని వయసులో శ్రీకాకుళం ఒడ్డు నుంచి ఓడెక్కి వచ్చినవాడు. అమ్మ తవిటమ్మ కూడా అదే ఓడలో వాళ్ళ నాన్నతో వచ్చింది. వాంతులు చేసుకుంటూ కూడా పక్కవాళ్ళని తిడుతున్న ఆ పిల్లని చూసి, మూడో రోజుకే అయ్య ఆ తిట్లు అచ్చంగా ఆమె గొంతుతో తిట్టి ఓడంతా నవ్వించాడట. మా పేటలో ఎవరింట పెళ్ళయినా భోజనాల తర్వాత అయ్యని లేపేవాళ్ళు. గొడ్డళ్ళూ డోంగీలూ పంచిన హిందీ ఆఫీసర్ని చేసి చూపించేవాడు: "ఏక్ ఫ్యామిలీ, ఏక్ డోంగీ, ఏక్ కుల్హాడీ. రోనా మనా హై." ఏడవడం మాత్రం కుదరదు అనే ఆ చివరి మాట దగ్గర ముసలివాళ్ళు కళ్ళు తుడుచుకుంటూ నవ్వేవాళ్ళు. ఆఖరున అమ్మని చేసేవాడు. వట్టి బుట్టతో ఇంటికొచ్చిన మొగుణ్ణి, నడుం మీద చెయ్యేసుకుని, "ఏటి, సముద్రంలో నీళ్ళు తప్ప ఏటీ లేవా?" అని అమ్మ గొంతుతో అడిగి ఆగేవాడు. అప్పుడు ఆడవాళ్ళ మధ్య నుంచి అసలు అమ్మ అందుకునేది. "ఆ నీళ్ళయినా తెచ్చినావేటి, బిందె ఖాళీగున్నాది." ప్రతి పెళ్ళిలోనూ కొత్త జవాబే. అమ్మ ఏమంటుందో అయ్యకి కూడా తెలిసేది కాదు. "సరే సరే, రేపు తెస్తాన్లే," అని తలొంచుకుని వెళ్ళి కూర్చునేవాడు.

అమ్మ పోయాక అయ్యని ఎవరూ లేపలేదు. వేటకి వెళ్ళడం, చేపలు అమ్మి రావడం, అన్నం వండడం. ఇంట్లో మాట్లాడుతూ మాట్లాడుతూ మధ్యలో ఆగిపోయేవాడు. కాసేపు పొయ్యి వైపు చూసి, తలూపి, మళ్ళీ మొదలుపెట్టేవాడు. మతి తప్పుతోందేమో చూసుకోమని పక్కింటి యర్రమ్మ పిన్ని నాకు చెప్పింది.

నేను అప్పుడు నీళ్ళకి అవతలి ఒడ్డున పోర్ట్ బ్లెయిర్‌లో, గోల్ ఘర్ దగ్గర ఒక కేబుల్ ఛానల్లో ఎడిటర్ని. ఎడిటర్ అనేది పెద్ద మాట. పెళ్ళి వీడియోలు అతికించడం వచ్చిన పిల్లకి రెండు వీసీఆర్‌లూ రెండు టీవీలూ ఇచ్చి కిటికీ లేని గదిలో కూర్చోబెట్టారు. ఆదివారం సాయంత్రం ఆరింటికి మా ప్రోగ్రాం వచ్చేది. పాటలు, డాన్సులు, మిమిక్రీ, కామెడీ స్కిట్లు. సగం హిందీ, సగం తెలుగు, మధ్యలో కొంచెం తమిళం, కొంచెం బెంగాలీ. శనివారం మధ్యాహ్నం ఒక హాల్లో జనాన్ని కూర్చోబెట్టి రెండు గంటలు రికార్డు చేసేవాళ్ళం. ఆ రెండు గంటల్ని అరగంట చెయ్యడం నా పని. నవ్వు చాలని చోట వేయడానికి ఒక క్యాసెట్ నిండా నవ్వులు ఎక్కించి పెట్టుకున్నాను. చిన్నవి, పెద్దవి, ఆగి ఆగి వచ్చేవి. రోజంతా ఆ నవ్వులు వింటూ, మనిషి మొహం చూడకుండా, ఆఖరి ఫెర్రీకి ఇంటికొచ్చేదాన్ని.

ఛానల్ నడిపేది గణేశ్వరరావు భయ్యా. ఇక్కడే పుట్టిన తెలుగువాడు, చెడ్డవాడు కాదు. కానీ ప్రోగ్రాం పుంజుకోకపోతే మద్రాసు నుంచి చేయి తిరిగిన ఎడిటర్ని రప్పిస్తానని నా ముందే రెండుసార్లు అన్నాడు.

జూన్‌లో ఒక శనివారం రికార్డింగుకి మిమిక్రీ చేయాల్సిన మనిషి పక్క దీవి హేవ్‌లాక్‌లో చిక్కుకుపోయాడు. గాలికి బోట్లు ఆపేశారు. శుక్రవారమే ఆ కబురు తెలిసింది.

"కొండా, మీ నాన్న పెళ్ళిళ్ళలో నవ్విస్తాడంట కదా," అన్నాడు భయ్యా. నా పేరు అప్పలకొండ. అందరూ కొండ అనే పిలిచేవాళ్ళు.

"ఇప్పుడు చెయ్యట్లేదు భయ్యా."

"అడిగి చూడు. పది నిమిషాలే."

ఆ సాయంత్రం అయ్య చేపలు తోముతుంటే అడిగాను. విననట్టు తోముతూనే ఉన్నాడు. మళ్ళీ అడిగాను. నాకు నిజంగా ఆశ పుట్టింది. నలుగురిలో పడితే ఆ మధ్యలో ఆగిపోవడం పోతుందేమో అనుకున్నాను. మూడోసారి అడిగినప్పుడు చేతులు కడుక్కుని, "నీ పనికి పనికొస్తాదా?" అన్నాడు.

"పనికొస్తాదయ్యా."

"అయితే ఒస్తాను."

పెళ్ళిళ్ళకి కట్టుకునే పంచె కట్టుకుని వచ్చాడు. ఆఫీసర్ని చేశాడు. ఓడలో మైకు పట్టుకుని లైఫ్ జాకెట్ల గురించి చెప్పే మనిషిని చేశాడు. హాలు బాగానే నవ్వింది. ఆఖరున నడుం మీద చెయ్యేసుకున్నాడు. "ఏటి, సముద్రంలో నీళ్ళు తప్ప ఏటీ లేవా?" నేను కెమెరా పక్కన నిలబడి ఉన్నాను. అమ్మ గొంతు అంత దగ్గరగా వినేసరికి వెనక్కి తిరిగి చూశాను.

జనం నవ్వారు. నవ్వు ఆగింది. అయ్య మాత్రం కదల్లేదు. హాల్లో ఎడమ వైపు, ఆడవాళ్ళు కూర్చున్న వరసల కేసి చూస్తూ నిలబడ్డాడు. పైన రేకుల మీద వాన చప్పుడు తప్ప ఏమీ లేదు. ఎవరో దగ్గారు. ఒక పాప "మమ్మీ, అంకుల్ భూల్ గయా," అంది, మర్చిపోయాడనుకుని. గణేశ్వరరావు భయ్యా పక్క నుంచి స్టేజీ మీదకి ఒక అడుగు వేశాడు. అప్పుడు అయ్య మెల్లగా తలూపి, ఏదో విన్నవాడిలా నవ్వి, "సరే సరే, రేపు తెస్తాన్లే," అని తలొంచుకుని వెళ్ళిపోయాడు. చప్పట్లు తడబడుతూ వచ్చాయి.

ఆ రాత్రి నేను గోల్ ఘర్‌లోనే ఉండిపోయి ఎడిట్ చేశాను. భయ్యా కాసేపు నా వెనక నిలబడి చూశాడు. "మీ నాన్న కమాల్ కొండా. కానీ ఈ ఖాళీ ఏంటి ఇంతసేపు? పబ్లిక్ వెంటనే ఛానల్ మార్చేస్తారు. తీసెయ్."

లెక్కపెడితే నలభై ఒక్క సెకన్లు. 'లేవా' అనే మాట చివర దగ్గర ఆపాను. 'సరే' మొదలయ్యే చోటు వెతికి పట్టుకున్నాను. రెంటినీ కలిపితే అయ్య మొహం టక్కున ఎగిరినట్టుంది. అది కనపడకుండా మధ్యలో జనం నవ్వుతున్న మూడు సెకన్ల బొమ్మ వేశాను, నా క్యాసెట్ నుంచి ఒక పెద్ద నవ్వు కూడా. అంతకు ముందు వారం ఒక మెజీషియన్ చేతిలోంచి పావురం తప్పించుకుని ఫ్యాను మీద వాలినప్పుడు హాలు నవ్విన నవ్వు అది.

వెనక్కి తిప్పి చూశాను. ఇప్పుడు 'సరే సరే' అనే మాట సరిగ్గా పేలింది. భార్య నోటికి జడిసిపోయిన మొగుడు కళ్ళకి కట్టాడు. తర్వాత ఇరవై ఏళ్ళకు పైగా, ఇక్కడా హైదరాబాదులోనూ కామెడీ షోలే కోసి బతికాను. నా చేతిలో పడ్డ స్కిట్‌లో ఒక్క ఊపిరి కూడా వృథాగా మిగలదని పేరొచ్చింది. ఆ పని నాకు మొదటిసారి చేతికి అందింది ఆ రాత్రే. నా అతుకు చూసి నాకే నవ్వొచ్చింది. గదిలో ఒక్కదాన్నే గట్టిగా నవ్వాను.

సోమవారం ఫెర్రీలో తేడా తెలిసింది. చాథం జెట్టీలో టికెట్ చింపేవాడు అయ్యని చూసి నడుం మీద చెయ్యేసుకున్నాడు. "నూకన్న భాయ్, సముద్రంలో పానీ తప్ప ఏమీ లేదా?" ఫెర్రీ మీద ఉన్న తమిళ వాళ్ళూ రాంచీ నుంచి వచ్చిన కూలీలూ కూడా తెలుగు ముక్క అర్థం కాకుండానే నవ్వారు. అయ్య కూడా నవ్వాడు. ఆయన ఆ ప్రోగ్రాం చూడలేదు. మా గుట్ట మీదకి ఇంకా కేబుల్ రాలేదు.

గణేశ్వరరావు భయ్యా అయ్యని ప్రతి వారం రమ్మన్నాడు. మద్రాసు ఎడిటర్ మాట మళ్ళీ ఎత్తలేదు. నాకు జీతం కాగితం మీద రాసిచ్చి పర్మనెంట్ అన్నాడు. ఆ సంగతి చెబితే అయ్య, "ఠీక్ హై మరి, ఒస్తాను," అన్నాడు, అంతే.

జూలై అంతా వచ్చాడు. మిగతా అంశాలు మారేవి గానీ, చివర్లో అమ్మ మాత్రం ఉండాల్సిందే. జనం దానికోసమే వచ్చేవాళ్ళు. టీవీలో చూసి ఉన్నారు కాబట్టి 'ఏటీ లేవా' అనగానే, నేను నవ్వు వేసిన చోటే, అంత పెద్దగానూ నవ్వేవాళ్ళు. అయ్య ఆ నవ్వు తగ్గేదాకా ఆగేవాడు. తగ్గాక ఇంకాసేపు ఆగేవాడు. చెయ్యి కొంచెం పైకెత్తి, చెవి ఒక పక్కకి వంచి నిలబడేవాడు. అది చూసి ఇంకా నవ్వేవాళ్ళు. ఒక వారం ముప్ఫై సెకన్లు, ఒక వారం యాభై. నేను ప్రతి వారం ఆ ఖాళీ తీసేసి అతికించేదాన్ని. ఆ చెయ్యి ఎత్తడం, చెవి వంచడం మొదటిసారి లేవు. అయ్య కొత్తగా చేర్చాడనుకున్నాను. బాగుందనిపించింది కూడా. ఒకసారి ఆ ముక్క రెండు సెకన్లు ఉంచాను.

ఆగస్టులో యర్రమ్మ పిన్ని వాళ్ళకి కేబుల్ వచ్చింది. ఆ ఆదివారం పేటలో సగం మంది వాళ్ళ ముందు గదిలోనే ఉన్నారు. అయ్యకి కుర్చీ వేశారు. నేను గుమ్మం దగ్గర నిలబడ్డాను. జనంతో కలిసి నా పని నేను చూడడం అదే మొదలు.

అయ్య వచ్చాడు తెర మీద. ఆఫీసరు, ఓడ మైకు. పిన్ని కొడుకు నేల మీద పడి దొర్లాడు. అమ్మ గొంతు వచ్చింది. తెర మీద నవ్వు, గదిలో నవ్వు. "సరే సరే, రేపు తెస్తాన్లే." చప్పట్లు. అయిపోయింది, పాట మొదలైంది.

కుర్చీలో అయ్య నవ్వలేదు. తెరకేసి కొంచెం ముందుకి వంగి చూస్తున్నాడు, ఇంకా ఏదో రావాల్సి ఉన్నట్టు. పాట సగమయ్యాక లేచి, "ఎల్తాన్రా బాబూ," అని బయటికొచ్చాడు.

ఒక్క గొడుగులో ఇద్దరం గుట్ట ఎక్కుతున్నాం. 

"కొండా, మద్దిలో నాను ఆగుతాను గదా," అన్నాడు. "అది కనపళ్ళేదు."

"తీసేస్తామయ్యా. టీవీలో అంతసేపు ఊరికే ఉండకూడదు. చూసేవాళ్ళకి విసుగొస్తాది."

"ఊరికే ఉండను," అన్నాడు. నాకు అర్థం కాలేదనుకుని మళ్ళీ చెప్పాడు. "అది మీయమ్మ వంతు."

నేను గొడుగు ఆయన వైపు జరిపాను. నా భుజం తడిసింది. ఇంటికొచ్చాక అయ్య పొయ్యి వెలిగించి, పొద్దుటి చేపల పులుసు వేడి పెట్టాడు. 

మర్నాడు ఆఫీసుకి వెళ్ళగానే జూన్ క్యాసెట్ వెతికాను. మొదటి రోజుది, నలభై ఒక్క సెకన్లూ ఉన్నది. దాని మీద ఒక స్కూలు వాళ్ళ డాన్సులు ఎక్కి ఉన్నాయి. వానలకి మద్రాసు ఓడ పద్దెనిమిది రోజులు ఆలస్యం కావడంతో కొత్త క్యాసెట్లు లేవు. పాతవాటి మీదే రికార్డు చేసుకుంటున్నాం. ఏ క్యాసెట్ చెరపాలో రాసిచ్చేదాన్ని నేనే. అట్ట మీద నా దస్తూరీ ఉంది.

గణేశ్వరరావు భయ్యా దగ్గరికి వెళ్ళాను. "ఈ వారం మా అయ్య ఆగిన చోటు కొయ్యను భయ్యా. ఉన్నంతసేపూ ఉంచేస్తాను."

"బుర్ర ఖరాబైందా? నిమిషం సేపు ఖాళీ చూపిస్తావా?"

"ఒక్క వారం. జనం ఫోన్ చేసి తిడితే నన్ను తీసెయ్."

నా మొహంలోకి చూసి ఏమనుకున్నాడో, "దేఖేంగే, చూద్దాం," అన్నాడు. కాదనలేదు. అది చాలనుకున్నాను.

వారమంతా దానికోసం చోటు చేశాను. ముందు వారం మిగిలిన ఒక డాన్సు పొట్టి చేశాను. భయ్యా చేత రెండు ప్రకటనలు పక్కకి జరిపించాను. అయ్యకి చెప్పలేదు. టీవీలో చూసుకుని ఆయనే తెలుసుకుంటాడనుకున్నాను.

శనివారం హాలు నిండిపోయింది. అయ్య ఆఫీసర్ని చేశాడు. మైకు మనిషిని చేశాడు. నడుం మీద చెయ్యేసుకున్నాడు. నేను కెమెరా పట్టిన కుర్రాడితో, ఏమైనా ఆపొద్దు, మొహం మీద నుంచి కదలొద్దు అని చెప్పి ఉంచాను.

"ఏటి, సముద్రంలో నీళ్ళు తప్ప ఏటీ లేవా?"

నవ్వు వచ్చింది. ఆ నవ్వు ఇంకా హాల్లో ఉండగానే, ఎడమ వైపు చూడకుండా, "సరే సరే, రేపు తెస్తాన్లే," అనేసి అయ్య తలొంచుకుని వెళ్ళిపోయాడు.

హాలు కప్పెగిరిపోయేలా చప్పట్లు కొట్టింది. గణేశ్వరరావు భయ్యా నా భుజం తట్టి, "చూశావా, మీ నాన్న ఎడిటింగ్ కూడా నేర్చేసుకున్నాడు," అన్నాడు. ఆ వారం కొయ్యడానికి నాకేమీ లేదు. ఉంచడానికీ లేదు. అట్టేపెట్టిన చోట్లో ఆ డాన్సే మళ్ళీ పూర్తిగా వేశాను.

ఆ తర్వాత కూడా అలాగే చేశాడు, సెప్టెంబరు అంతా. ఇంట్లో కూడా మాటల మధ్యలో ఆగడం మానేశాడు. యర్రమ్మ పిన్ని సంతోషించింది. "నువ్వు మంచి పని సేసినావే కొండా, మనిషి దారిలో పడ్డాడు," అంది. నిజమే, ఎదురుపడ్డ వాళ్ళు పలకరిస్తే ఠక్కున జవాబిచ్చేవాడు. నాతో కావలసిన మాట కావలసినంత మాట్లాడేవాడు. మాట అయిపోగానే లేచేవాడు. పొయ్యి వైపు చూడడం నేను మళ్ళీ చూడలేదు.

అక్టోబరులో వాన తెరిపిచ్చిన ఒక ఆదివారం మధ్యాహ్నం అయ్య వరండాలో వల బాగుచేస్తున్నాడు. నేను వెళ్ళి ఎదురుగా పీట వేసుకుని కూర్చున్నాను. అడగాలని రెండు నెలలుగా అనుకుంటున్నాను.

"అయ్యా, నువ్వు ఆగినప్పుడు అమ్మ ఏమనేది?"

చేతిలో సూది ఆపకుండానే ఆలోచించాడు.

"రోజుకొకటి. ఆ మొదటి రోజు హాల్లో, పంచె కిందకి జారింది సూసుకో అంది. ఇంట్లో అయితే బియ్యం ఎన్నున్నాయో అడుగుతాది. నువ్వు చిక్కిపోయినావంటాది. ఒక్కో రోజు ఏటీ అనదు, దగ్గుతాది. ఉన్నట్టు తెలుస్తాది."

"ఇప్పుడు?"

"జనం నవ్వులో ఇనపడేది కాదమ్మా. సెయ్యెత్తి సూసినాను, ఆగమని. ఆగలేదు ఆళ్ళు." ముడి బిగించి దారం పళ్ళతో కొరికాడు. "తర్వాత్తర్వాత నాకూ అలవాటు తప్పిపోయినాది. ఇంట్లో ఆగి సూసినా ఏటీ లేదు."

నన్ను తప్పు పట్టినట్టు అనలేదు. రేపు గాలి ఎటు ఉంటుందో చెప్పినంత మామూలుగా అన్నాడు.

"నేనీ పని మానేస్తానయ్యా," అన్నాను.

"మానేసి?"

నేను నేల మీద పడ్డ దారం ముక్కలు ఏరాను.

"నాను ఒక్కణ్ణయితే అయినాను," అన్నాడు అయ్య. "నువ్వెందుకు మానడం."

నేను ఆయనకి చెయ్యి చాస్తే అందేంత దూరంలో కూర్చుని ఉన్నాను. ఏదో ఒకటి అనాలని నోరు తెరిచాను. అయ్య నా జవాబు కోసం ఆగలేదు. చిరిగిన చోటు వెతుక్కుంటూ వలని తన వైపు లాక్కున్నాడు.